పెన్నానది: కొలది నీరు, విశాల క్షేత్రము

ఆంధ్రదేశపు నదుల ప్రసంగము వచ్చినప్పుడెల్ల మనవారి నాలుకపై మొదట గోదావరియు, పిమ్మట కృష్ణయు, ఆ వెనుక తుంగభద్రయు నిలుచును. పెన్న పేరు నాల్గవదిగనైనను వచ్చుట అరుదు. నిండుగ పారు నదికి స్తోత్రములు కొరవడవు. ఎండిన నదిని పలుకరించువారు లేరు. కాని దేశపు కష్టసుఖములను తెలిసికొనగోరువాడు నిండు నదులను మాత్రమే చూచి తృప్తి నొందరాదు. అనంతపురము, కడప, నెల్లూరు మండలములలోని లక్షలాది కుటుంబముల అన్నోదకములు ఈ యెండిన యేటితో ముడివడి యున్నవి. తిక్కన సోమయాజి భారతము రచించిన నెల్లూరు ఈ నది యొడ్డునే యున్నది. 1921లో గాంధీమహాత్ముడు ప్రారంభించిన పల్లెపాడు ఆశ్రమమునకు పినాకిని పేరే పెట్టిరి. ఇంతటి చరిత్రగల నదిని గూర్చి చదువుకొన్నవారికి సైతము తెలిసినది స్వల్పము. ఆ లోటు తీర్చుటయే గాక, ఈ నదివిషయమున మన కర్తవ్యమేమో విచారించుటయు ఈ వ్యాసోద్దేశము.

కొన్ని యేండ్ల క్రిందట వేసవిలో తాడిపత్రివద్ద బుగ్గ రామలింగేశ్వరస్వామి ఆలయము వెనుకనుండి పెన్నలోనికి దిగితిని. కనుచూపుమేర నీటిచుక్క లేదు. ఇసుకలో చెలమ త్రవ్వుచున్న వృద్ధు డొకడు కనబడెను. "ఏమి పెద్దాయనా, ఏరు చచ్చిపోయినదా?" యని యడిగితిని. అతడు పార ఆపి, "ఏరు యాడికీ పోలే సామీ, ఇసక కింద పండుకోనుండాది. ఆ ఇసకనే ఎత్తకపోతే మాత్రం యాడ పండుకుంటాది?" అనెను. జలశాస్త్ర గ్రంథములలో పుటలకొలది వ్రాయునది ఆ రైతు రెండు మాటలలో చెప్పినాడు. ఆ మాటల అర్థమును ముందు విచారింతము.

జన్మస్థానము, మార్గము

పెన్నకు సంస్కృత నామము ఉత్తర పినాకిని. కర్ణాటకమున చిక్కబళ్లాపురపు మండలమందలి నందిదుర్గపు కొండలలో, చెన్నకేశవగిరి యనుచోట ఇది పుట్టుచున్నది. ఆ కొండల చుట్టుపట్టుననే దక్షిణ పినాకినియు, పాలారును, చిత్రావతియు, పాపాఘ్నియు పుట్టుచున్నవి. ఒక్క గుట్టల సముదాయమునుండి ఇన్ని నదులు నలుదిక్కులకు పోవుట విశేషమే గాని, అందేదియు మంచుకొండలలోగాని, పడమటి కనుమల దట్టపు వానలలోగాని పుట్టినది కాదు. అన్నియు మెట్టనేలలో పుట్టి, మెట్టనేలలో పెరిగినవే.

పుట్టిన పిదప పెన్న ఉత్తరాభిముఖమై గౌరిబిదనూరు మీదుగా వచ్చి హిందూపురపు ప్రాంతమున ఆంధ్రదేశమును ప్రవేశించును. అటనుండి అనంతపురపు సీమలో ఉత్తరముగనే సాగి, నరసింహక్షేత్రమైన పెన్నహోబిలమును దాటి, పిదప తూర్పునకు తిరుగును. తాడిపత్రి కడచిన వెనుక నదికి ఎర్రమలకొండలు అడ్డముగా నిలిచినవి. నది వానిని చుట్టి పోక, నిలువున కోసికొని పోయినది. ఆ కోత అంచుననే గండికోట దుర్గము నిలిచి యున్నది. గండివలననే కోటకు పేరు వచ్చెను గాని కోటవలన గండికి రాలేదు. జమ్మలమడుగు, ప్రొద్దుటూరు, పుష్పగిరి, సిద్ధవటము దాటినపిదప వెలికొండలు మరల అడ్డగించును. అచ్చటను నది సోమశిలవద్ద త్రోవ చేసికొని నెల్లూరు మైదానములోనికి దిగును. సంగము, నెల్లూరు పట్టణములను గడచి ఊటుకూరువద్ద బంగాళాఖాతమున కలియును. జన్మస్థానమునుండి సముద్రమువరకు దీని పొడవు 597 కిలోమీటర్లు. పాతలెక్కలో 370 మైళ్లు.

కొండలను చుట్టిపోక కోసికొని పోవుట ఈ నది స్వభావమును తెలుపుచున్నది. నేడు వేసవిలో మేక దాటగల ఈ యేరు యుగములతరబడి రాతిని అరగదీసిన ప్రాచీన నది. ఎగువ భాగమున నల్లరాతి నేల. నడిమి భాగమున పలకరాయి, సున్నపురాయి, గట్టి ఇసుకరాయి పొరలు పొరలుగా పేర్చినట్లుండు ప్రదేశము. భూగర్భశాస్త్రజ్ఞులు దీనికి కడప హరివాణమని పేరిడిరి. ఇండ్లలో పరచుకొను కడపబండలు ఈ ప్రదేశమునవే. దిగువను సముద్రతీరపు ఒండ్రునేల. ఈ మూడు నేలలలో నీరు మూడు విధముల నడచును. నల్లరాతినేలపై పడిన వాన నిలువక జారిపోవును, లేదా రాతి పగుళ్లలో కొలదిగా ఇంకును. సున్నపురాతి నేలలో లోలోపల సందులు చేసికొని ఎచ్చటనో బుగ్గగా వెలికి వచ్చును. ఒండ్రునేలలో నెమ్మదిగా ఇంకి బావులను నింపును.

ఉపనదులు

పెన్న ఒంటరి నది కాదు. ఎడమవైపునుండి జయమంగళి, కుందూ, సగిలేరు వచ్చి కలియును. కుడివైపునుండి చిత్రావతి, పాపాఘ్ని, చెయ్యేరు కలియును. జయమంగళి తుముకూరు మండలపు దేవరాయనదుర్గపు కొండలలో పుట్టినది. చిత్రావతి పుట్టపర్తి మీదుగా వచ్చి గండికోట సమీపమున పెన్నను చేరును. పాపాఘ్నియు వేంపల్లె దగ్గర కొండలను చీల్చుకొనియే వచ్చుచున్నది. అచ్చటి క్షేత్రమునకు గండి యనియే పేరు. కుందూ నంద్యాల లోయలోని నల్లరేగడి నేలల నీటిని కొనివచ్చి కమలాపురపు ప్రాంతమున కలియును. సగిలేరు నల్లమల, వెలికొండల నడిమి లోయలో దక్షిణముగా దిగివచ్చును. చెయ్యేరు బాహుదా, పింఛా యను రెండేరుల కూడిక. శంఖలిఖితుల కథలో నరకబడిన చేయి తిరిగి వచ్చినది ఈ యేటిలోనే యని స్థలపురాణము. అందుచేతనే చేయి యేరు అయినదందురు. తాళ్లపాక అన్నమయ్య పుట్టిన గ్రామము ఈ చెయ్యేటి సీమలోనిదే.

ఈ యుపనదులలో కుందూ ఒక్కటియే కొంత స్థిరముగా పారునది. తక్కినవన్నియు వానకు పొంగి, వానతో ఆగునవే. అయినను అవి తెచ్చు నీటివలననే పెన్నకు కడపసీమలో ప్రాణము నిలుచుచున్నది. గండికోటకు ఎగువన పెన్న యనునది సంవత్సరములో పెక్కు దినములు ఇసుకదారి మాత్రమే.

వానల లెక్క

పెన్న యేల ఎండును? దీనికి సమాధానము ఆకాశమున గలదు. నైరృతి ఋతుపవనము అరేబియా సముద్రమునుండి తెచ్చు మేఘములు పడమటి కనుమలపైననే వర్షించి, తేలికయై ఈ సీమకు వచ్చును. ఈశాన్య ఋతుపవనము తూర్పు సముద్రమునుండి తెచ్చు మేఘములు నెల్లూరు తీరమునను, వెలికొండ, శేషాచలముల తూర్పు వాలులపైనను వర్షించి, లోపలికి వచ్చుసరికి క్షీణించును. రెండు కనుమల నడుమ, రెండు ఋతుపవనములకు కడపటి బంతిలో కూర్చున్న అతిథివలె, ఈ సీమ యున్నది. అనంతపురమున సాలుకు సగటున 22 అంగుళముల వాన. నెల్లూరి తీరమున 40 అంగుళములకు పైగా పడును. ఆ పడునదియు క్రమముగా పడదు. పది దినములలో కుండపోతగా పడి, పిదప రెండు మాసములు మొగము చాటువేయును.

ఇక లెక్కలు చూతము. పెన్న పరీవాహప్రదేశము 55,213 చదరపు కిలోమీటర్లు. అందు ఆంధ్రప్రదేశమున 48,276, కర్ణాటకమున 6,937. అనగా నూటికి 87 పాళ్లు మనది, 13 పాళ్లు వారిది. కేంద్ర జలసంఘమువారి 1993 నాటి అంచనాప్రకారము ఈ ప్రదేశమున సగటున సాలుకు లభించు నీరు 632 కోట్ల ఘనమీటర్లు. నేడు జలవివాదములలో వాడు టి.యం.సి. లెక్కలో, అనగా నూరుకోట్ల ఘనపుటడుగుల కొలతలో, ఇది సుమారు 223. అదే అంచనాలో కృష్ణకు సుమారు 2,760, గోదావరికి 3,900.

ఈ యంకెలు నోటితో చెప్పిన మాత్రమున మనసున కెక్కవు. మరియొక విధముగా చూడుడు. ఒక్కొక్క నదికి సాలుకు లభించు నీటిని ఆ నది పరీవాహప్రదేశమందంతటను సమముగా పరచినట్లు భావింతము. గోదావరి నీరు 14 అంగుళముల మందమున నిలుచును. కృష్ణ నీరు 12 అంగుళములు. పెన్న నీరు నాలుగున్నర అంగుళములు! పెన్న పరీవాహము కృష్ణ పరీవాహములో అయిదవ వంతునకు మించియే యున్నది. నీరు మాత్రము పండ్రెండవ వంతు. 2019లో వేరు పద్ధతిని చేసిన పునఃపరిశీలనలో పెన్న అంకె కొంత పెరిగినది. అయినను మూడు నదులలో కడపటి స్థానము దానిదే.

ఇదియు సగటు మాత్రమే. సగటు నీటితో పైరు పండదు. ఆ యేడు వచ్చిన నీటితోనే పండును. ఒక యేడు వరద వచ్చి, రెండేండ్లు ఎండిన యెడల సగటు బాగుగనే కనబడును, రైతు మాత్రము అప్పులపాలగును. 1876 మొదలు 1878 వరకు దత్తమండలములను కబళించిన మహాక్షామమునకు వాన తప్పుటయే ఆరంభము. ఆనాటి పరిపాలన దానిని ప్రాణాంతకముగ చేసినది.

ఇసుక క్రింది నది

తాడిపత్రి వృద్ధుని మాటకు వత్తము. పెన్న గర్భమున ఇసుక మందముగా పేరుకొని యున్నది. వరదలో పారిన నీటిలో కొంత ఈ యిసుకలో దిగి, ఎండ తగులక, నెలలతరబడి నెమ్మదిగా దిగువకు కదలుచుండును. మన పూర్వులు దీనిని బాగుగ నెరిగి యుండిరి. వేసవిలో ఏటి ఇసుకలో వాలుగా కాలువ త్రవ్వి, అడుగున ఊరు నీటిని ఏటి యొడ్డునకును, అటనుండి పొలములకును మరలించెడివారు. వీనినే ఊటకాలువలందురు. ప్రతి సంవత్సరము వరద ఇసుకతో పూడ్చివేయును. ప్రతి సంవత్సరము ఊరివారందరు కలిసి పూడిక తీయవలెను. యంత్రము లేదు, చమురు ఖర్చు లేదు. కావలసినది ఊరి యైకమత్యము, ఏటిలో ఇసుక.

నేడు ఊటకాలువలు చాలచోట్ల పేరునకు మాత్రము మిగిలినవి. గట్లపై లోతుగా దింపిన బోరుబావులు ఇసుకనీటిని పైకి లాగుచున్నవి. పట్టణములలో మేడలు లేచినకొలది ఏటి యిసుకకు వెల పెరిగి, బండ్లలో పోవునది లారీలలో పోజొచ్చెను. ఇసుక తరిగినచోట ఏటి మట్టము దిగును. ఏటి మట్టము దిగినచో గట్టుబావులలో నీరును దిగును. ఇది తర్కమునకు లోబడు సామాన్య విషయము. 2002లో చేసిన జల భూ వృక్ష సంరక్షణ శాసనము ఇసుక తవ్వకమునకు కట్టుబాట్లు విధించినది. కట్టుబాటు కాగితమున నుండి, లారీ ఏటిలో నుండుటయే మన దౌర్భాగ్యము. ఇసుకను మట్టివలె, రాతివలె అమ్ముకొను సరకుగ మాత్రమే చూచుట తప్పు. అది ఈ సీమకు కప్పుగల జలాశయము.

పోరుమామిళ్ల శాసనము

ఈ నదీప్రాంతపు ప్రజలు నీటివిషయమున ఎంత ఆలోచన చేసిరో తెలియగోరువారు కడప మండలమున పోరుమామిళ్లకు పోవలెను. విజయనగర చక్రవర్తి మొదటి బుక్కరాయల కుమారుడు భాస్కర భవదూరుడు 1369లో అచ్చట అనంతరాజసాగరమను చెరువును కట్టించెను. ఆ విషయమును తెలుపు సంస్కృత శిలాశాసనము నేటికిని ఉన్నది. దినమునకు వేయిమంది కూలీలు, రాతిపనికి నూరు బండ్లు, రెండేండ్ల పని యని అందు లెక్క చెప్పబడినది. దానధర్మములను పొగడు శాసనములు దేశమున వేలకొలది గలవు. కాని చెరువు కట్టుటకు కావలసిన పండ్రెండు సాధనములను, విడువవలసిన ఆరు దోషములను వరుసగా చెప్పిన శాసనము ఇట్టిది మరియొకటి దొరకుట దుర్లభము.

సాధనములలో ధర్మపరుడగు ప్రభువు, జలశాస్త్రము నెరిగిన పండితుడు, గట్టి నేల, తీయని నీటి నది, రెండు కొండల నడుమ పొడవు మీరని రాతికట్ట, లోతును వెడల్పును గల గర్భము, దగ్గరలో మంచి రాతిగని, సమమైన సారవంతపు పొలము, పనిలో నేర్పుగల జనము మున్నగునవి గలవు. దోషములు ఆరు: కట్టనుండి నీరూరుట; చౌడు నేల; రెండు రాజ్యముల పొలిమేరను ఉండుట; చెరువు నడుమ మిట్ట; నీరు కొలది యయి క్షేత్రము విస్తారమగుట; నీరు అధికమయి క్షేత్రము కొలది యగుట.

ఇది ఒక చెరువు లక్షణమే గాని, చదివినకొలది పెన్నానది జాతకమువలె తోచుచున్నది. నీరు కొలది, క్షేత్రము విస్తారము అను అయిదవ దోషము ఈ నదికి జన్మతః కలిగినది. పైన చెప్పిన నాలుగున్నర అంగుళముల లెక్క దానికి సాక్ష్యము. రెండు రాజ్యముల పొలిమేర యను మూడవ దోషమును కలదు. 1892లో మద్రాసు, మైసూరు ప్రభుత్వములు చేసికొన్న ఒడంబడికలో కావేరీ, తుంగభద్రలతోపాటు పెన్న, చిత్రావతి, పాపాఘ్ని పేర్లను చేర్చుటకు కారణమిదియే. 2000 తరువాత చిత్రావతిపై పరగోడు కట్టవిషయమున ఇరురాష్ట్రముల నడుమ తగవు పుట్టినది. ఆరవ దోషము, అనగా నీరు అధికమగుటయు, ఏదో యొక యేడు కనబడి నాశనము చేసి పోవును. దానిని ముందు చెప్పెదను.

ఈ యొక్క చెరువే కాదు. పెన్న పరీవాహమునకే చెందిన పండమేటిపై 14వ శతాబ్దిలో కట్టిన చెరువువలననే అనంతపురమునకు ఆ పేరు వచ్చినది. ఎగువ చెరువు మరువ పారి దిగువ చెరువులో పడునట్లు వంకలపై వరుసగా చెరువులు కట్టిరి. ఒక్క వానను నాలుగు చెరువులు పంచుకొనెడివి. వాని మరమ్మతునకై దశబంధపు మాన్యములుండెడివి. చెరువు పాడయినచో మాన్యముదారు జవాబు చెప్పవలెను. ఆంగ్ల ప్రభుత్వము వచ్చినపిదప చెరువు సర్కారుది, మరమ్మతు కచ్చేరీది అయినది. ఊరి పూచీ సన్నగిల్లెను. ప్రతి పూడికకును ఒక దస్త్రము, ప్రతి దస్త్రమునకును పదియేండ్ల విలంబము ఏర్పడెను.

పొరుగు నదుల నీరు

సొంత నీరు చాలనప్పుడు పొరుగునీరు తెచ్చుట తప్ప గత్యంతరము లేదు. పెన్న సీమకు ఇది క్రొత్త మాట కాదు. 1860 ప్రాంతమున ఇంగ్లండు పెట్టుబడిదారుల కంపెనీ యొకటి తుంగభద్రపై సుంకేసులవద్ద ఆనకట్ట కట్టి, అటనుండి కుందూలోయమీదుగా కడపవరకు 190 మైళ్ల కాలువ త్రవ్వెను. అదియే కర్నూలు కడప కాలువ. లాభము వచ్చినను రాకున్నను కంపెనీకి వడ్డీ చెల్లింతుమని ప్రభుత్వము పూచీపడుటచేత భారము ప్రజలపై పడినది. నల్లరేగడి రైతు తొలుత కాలువనీటిని కోరలేదు. కంపెనీ నిలువలేకపోగా 1882లో ప్రభుత్వము దానిని కొనెను. నేల గుణమును, రైతు అలవాటును తెలియక కేవలము వడ్డీలెక్కలతో కాలువలు త్రవ్వరాదని ఇది నేర్పిన పాఠము. అయినను ఆ కాలువయే తరువాతి తరములకు కల్పవృక్షమైనది. దిగువను నెల్లూరివద్ద 19వ శతాబ్ది నడుమను, సంగమువద్ద 1880 తరువాతను కట్టిన ఆనకట్టలు పెన్న డెల్టాను వరిపొలముగ మార్చినవి. శిథిలమైన వాని స్థానమున క్రొత్త వారధులు 2022లో ప్రారంభమైనవి.

1937 నవంబరు 16వ తేదీని మద్రాసులో కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారి శ్రీబాగ్ భవనమున కోస్తా, రాయలసీమ నాయకులు చేసికొన్న ఒడంబడికలో తుంగభద్ర, కృష్ణ, పెన్న నదుల నీటిని వినియోగించుటలో రాయలసీమకును నెల్లూరునకును పదియేండ్లు, అవసరమైనచో అంతకు మించియు, ప్రాధాన్య మీయవలెనని వ్రాసికొనిరి. కొండా వెంకటప్పయ్య, భోగరాజు పట్టాభి సీతారామయ్య, కడప కోటిరెడ్డి, కల్లూరు సుబ్బారావు గారలు అందు పాల్గొన్నవారు. పెద్దమనుష్యుల మాటగా నిలిచిన ఆ పత్రము శాసనము కాలేదు. 1951లో మద్రాసు ప్రభుత్వము తలపెట్టిన కృష్ణా పెన్నారు పథకము నీటిని మద్రాసునకు మరలించుటకే యని కోస్తాలో ఆందోళనము లేచెను. 1952లో ఖోస్లా సంఘము సిఫార్సుతో నందికొండ ముందునకు వచ్చి, ఆ పథకము వెనుకబడెను.

అయినను నీరు తరువాత పలుదారుల వచ్చినది. తుంగభద్ర ఎగువకాలువ మధ్యపెన్నారు జలాశయమునకు నీరు తెచ్చినది. 1983లో ఆరంభమైన తెలుగుగంగ శ్రీశైలపు కృష్ణానీటిని వెలుగోడు, బ్రహ్మంగారిమఠము మీదుగా సోమశిలకును, అటనుండి కండలేరునకును, చెన్నపట్టణమునకును చేర్చుచున్నది. 78 టి.యం.సి.ల సోమశిల, సుమారు 27 టి.యం.సి.ల గండికోట జలాశయములు పెన్నపైననే గలవు. హంద్రీనీవా నీరు 2012లో అనంతపురపు జీడిపల్లెకు చేరెను. ఇవన్నియు సంతోషింపదగినవే. కాని పొరుగునీటికి మూలము పొరుగునదియే. తుంగభద్ర జలాశయము మొదట 133 టి.యం.సి.లు పట్టునది, పూడికవలన ఇటీవలి కొలతలలో సుమారు 105కు దిగినది. కృష్ణ తక్కువగా వచ్చిన యేడు కడపటి కాలువ చివరనుండు రైతునకు మిగులు నీరు మాటలలోనే మిగులును.

ఆరవ దోషము

ఇంత నీటికరవుగల నది 2021 నవంబరులో ఏమి చేసినదో పాఠకులు మరువలేదు. దిన మొకటిరెండింటిలో కురిసిన మహావర్షమునకు చెయ్యేటికి ఎగువన పింఛా కట్ట ముందు తెగెను. 19వ తేదీ ఉదయము అన్నమయ్య జలాశయపు మట్టికట్ట కొట్టుకొనిపోయెను. వచ్చిన నీటికి వదలు మార్గము చాలలేదు. దిగువ పల్లెలలో నిదురనుండి లేచినవారు లేచినట్లే పోయిరి. కమలాపురమువద్ద పాపాఘ్నిపై వంతెన కూలెను. నెల్లూరివద్ద పడుగుపాడున రైలుకట్ట తెగెను. ఏడాదిలో మూడువందల దినములు నీటికై ఎదురుచూచు ప్రజలు నీటిచేతనే చచ్చిరి. అది దైవోపద్రవమని చేతులు ముడుచుకొనుట సులభము. వాన దైవమిచ్చినది, కట్ట, తలుపు, ముందుహెచ్చరిక మనుష్యులు చేయవలసినవి.

మన కర్తవ్యము

పై విషయములనుండి కొన్ని నిశ్చయములు ఏర్పడుచున్నవి. ఈ సీమలో నీటికొరత ఎంత నిజమో, నీరు ఒక్కమారుగా వచ్చి పోవుటయు అంత నిజము. కావున పొరుగునీరు తెచ్చుటతోపాటు సొంతనీరు ఆపుకొనుటయు జరుగవలెను. ఒకటి చేసి మరియొకటి విడుచుట కుంటినడక.

చెరువులు బాగుచేసిన చాలునను వాదమును పూర్తిగా అంగీకరింపలేము. వరుసగా రెండేండ్లు వాన తప్పినచో ఏ చెరువును నిలువదు. అంతేకాక ఎగువ చెరువు ఎంత పట్టినచో దిగువ జలాశయమునకు అంత తగ్గును. నీరు ఒకటియే, పంచుకొనువారు పెక్కురు. అందుచేత ఏ వంకలో ఎంత నీరు వచ్చుచున్నదో, ఏ చెరువు ఎంత పట్టునో కొలిచి, ఆ లెక్కలు ఊరూర చావడిలో అందరికి కనబడునట్లుంచవలెను. కర్ణాటకముతోను ఇదియే పద్ధతి. ఎగువవారు ఎంత ఆపిరో, దిగువవారికి ఎంత వచ్చినదో ఇరువురును ఒకే కొలబద్దతో చూచునప్పుడే తగవు తగ్గును. వరదకాలమున జలాశయములను ముందుగా కొంత ఖాళీ చేయుట, తలుపులు వేసవిలోనే పరీక్షించుట, హెచ్చరిక పల్లె చివరి యింటికి చేరునట్లు చూచుట అధికారుల విధి.

భూస్వాములకు ఒక మాట. చెరువు గర్భమున పొలము చేసికొన్నది పేదవాడు మాత్రమే కాడు. వంకను పూడ్చి గట్టు పెంచినవారును, కాలువపై మోటారు బిగించి తెల్లవార్లు లాగినవారును, ఇసుక గుత్తలలో పాలు పంచుకొన్నవారును మన పేటలలోనే, మన బంధువర్గములోనే గలరు. 1997 శాసనము నీటివినియోగదారుల సంఘముల నేర్పరచి రైతుల చేతికి కొంత అధికారమిచ్చినది. ఆ సంఘములు ఎన్నికల పందెములుగ మాత్రమే మిగిలినచో లోపము శాసనమున లేదు. చిన్నరైతు ఎన్నడు నోరు తెరచి కాలువ చివరి పొలమునకును నీరేదని అడుగగలడో, పెద్దరైతు ఎన్నడు దానికి సమాధానము చెప్పునో, ఆనాడు దశబంధపు కాలపు పూచీ క్రొత్త రూపమున తిరిగివచ్చును. పైరుల యెంపికయు మనచేతిలోనిదే. నాలుగున్నర అంగుళముల నదిపై పదునాలుగు అంగుళముల నది పంటలు పండింపబూనుట వివేకము కాదు. అనంతపురపు తోటలలో బిందుసేద్యమును కైకొన్న రైతులు ఈ లెక్కను ఇదివరకే గ్రహించి త్రోవ చూపుచున్నారు.

పోరుమామిళ్ల శాసనకర్త సాధనముల జాబితాను ధర్మపరుడగు ప్రభువుతో మొదలుపెట్టి, నేర్పుగల జనము నందు చేర్చినాడు. నేడు ప్రభుత్వము మనదే, జనమును మనమే. కాబట్టి రెండు సాధనములకును బాధ్యత మనపైననే పడినది. ఈ వేసవిలో పెన్న యొడ్డు గ్రామములవారు తమ చెరువుకట్ట పైకొకమారు, తమ యేటి యిసుకలోనికొకమారు పోయి చూచివత్తురు గాక. ఏ తూము మూతపడినదో, ఏ వంక పూడినదో, ఏ రేవున ఇసుక తరిగినదో వ్రాసికొని గ్రామసభలో చదివినచో, ఆ కాగితము ఇట్టి వ్యాసములు పదింటికంటె ఎక్కువ పని చేయగలదు.